పిన్ను తీసిన చెయ్యి

ఫిలొమినా గ్రాసో చేత తిట్లు తినకుండా హాలెట్, థ్రాష్ అండ్ పెల్ ఆఫీసులో లాయరైనవాడు ఒక్కడూ లేడు. మన్‌హాటన్ దక్షిణపు కొసన పదకొండు అంతస్తులు, నాలుగు వందల మంది లాయర్లు, గోడల నిండా గతించిన భాగస్వాముల తైలవర్ణ చిత్రాలు ఉన్న ఆఫీసు అది. ఆ చిత్రాల్లో సగం మంది పేర్లు ఇప్పుడెవరికీ తెలియవు. ఫిలొమినాకు మాత్రం పేర్లతో పాటు ఎవరికి కోపం ఎక్కువో, ఎవరు గుమాస్తాల వాటా బిస్కెట్లు కూడా తినేసేవారో తెలుసు. అలాగని ఆమె లాయరు కాదు. హైస్కూలు చదువుకుని టైపు నేర్చుకుంది. పందొమ్మిదేళ్ళ వయసులో, 1959లో, స్టాటెన్ ఐలండ్ నుంచి పడవెక్కి వచ్చి టైపిస్టుల గదిలో చేరింది. ఆరేళ్ళకు వీలునామాల ఉక్కుగది తాళాలు ఆమె చేతికొచ్చాయి. కక్షిదారులు రాసి దాచమని ఇచ్చిన అసలు వీలునామాలు పన్నెండు వేలు ఆ గదిలో ఉన్నాయి. రాసినవాళ్ళు పోయేదాకా వాటికి కాపలా ఆమే.

ఏటా సెప్టెంబరులో కాలేజీల నుంచి కొత్త జూనియర్లు దిగేవారు. పెద్ద పెద్ద కాలేజీల్లో మొదటి వరుసలో నెగ్గినవాళ్ళు. కంపెనీలు కలపడం, విడదీయడం, కొనడం నేర్చుకోవాలని కళ్ళు మెరిపించుకుంటూ వచ్చేవాళ్ళు. మొదటి వారంలో ఒక పూట వాళ్ళను ఉక్కుగది ముందు నిలబెట్టి ఫిలొమినా ఒక పాత వీలునామా మూల చూపించి, ఇదేమిటని అడిగేది. పిన్ను, స్టాప్లర్ పిన్ను అనేవాళ్ళు. దీన్ని ఎప్పుడు తీయవచ్చని అడిగేది. జిరాక్సు తీసేటప్పుడని ఒకడు, కోర్టులో ఇచ్చేటప్పుడని ఇంకొకడు. అందరి సమాధానాలూ ఓపికగా విని, అప్పుడు అందుకునేది.

“ఎప్పుడూ తీయకూడదు. పెద్ద లాయరు అడిగినా తీయకూడదు, జడ్జిగారు అడిగినా తీయకూడదు. మీ అమ్మ వచ్చి ఏడ్చినా తీయకూడదు. అర్థమైందా? వీలునామాల కోర్టు గుమాస్తా మొట్టమొదట చదివేది అక్షరాలు కాదు. బొటనవేలితో ఈ మూల తడుముతాడు. పిన్నుకు రెండు రంధ్రాలుండాలి. నాలుగున్నాయంటే, ఎవరో విప్పారు. విప్పితే ఎందుకు విప్పారు? ఒక పేజీ తీసి ఇంకో పేజీ పెట్టారా? చెప్పాల్సిన మనిషి మట్టిలో ఉంటుంది. మీరేం చెబుతారు?”

జిరాక్సు కావాలంటే కాగితాన్ని మూల దగ్గర మడిచి తీయాలి. మూల నల్లగా వచ్చినా సరే. ఆ మాట వినని ఒక జూనియరును, అతని తండ్రి సెనేటరైనా సరే, నడవాలో అందరి ముందూ ఏడిపించి పంపింది. అయినా అందరికీ ఆమె అంటే ఇష్టమే. జ్వరం వస్తే సూపు తెచ్చేది ఆమే, పెళ్ళికి టై ముడి వేసేది ఆమే, భాగస్వామ్యం రాక పెట్టె సర్దుకుని పోయేవాళ్ళకు లిఫ్టుదాకా తోడు వెళ్ళేది ఆమే. ఆ ఆఫీసుది అదొక ఆనవాయితీ. ఏడేళ్ళు చూస్తారు. భాగస్వామిని చేస్తే సరే, లేకపోతే మర్యాదగా సాగనంపుతారు.

1884లో రైలు కంపెనీల దస్తావేజులు రాసుకునే ఇద్దరు మిత్రులు పెట్టిన ఆఫీసు అది. ఆ కాలంలో రైలు కంపెనీల యజమానులు పోతే వాళ్ళ వీలునామాలూ వీళ్ళే చూసేవారు. పరువంతా ఆ విభాగానిదే. ఇప్పుడు డబ్బంతా పై అంతస్తుల్లో కంపెనీల బేరాల్లో ఉంది. కక్షిదారులకు బిల్లు వేయడానికి ప్రతి లాయరూ తన పొద్దును ఆరేసి నిమిషాల లెక్కన రాసుకునే ఆఫీసులో, ఒక ముసలావిడ తన పింగాణీ ఎవరికివ్వాలో తేల్చుకునేదాకా గంటసేపు కూర్చుని వినే విభాగాన్ని అటక మీది సామానులా చూసేవారు. పారేయలేరు, కిందికి దించలేరు. ఆ విభాగానికి పెద్ద మిసెస్ హారియట్ లూమిస్. ఆడవాళ్ళను వీలునామాలకే పరిమితం చేసిన కాలంలో, 1966లో చేరి, పదేళ్ళకు ఆ ఆఫీసులో మొదటి మహిళా భాగస్వామి అయింది. ఆమె, ఫిలొమినా ఒకే నడవాలో ఇరవై ఎనిమిదేళ్ళు పనిచేశారు. అయినా ఆమె ఎప్పుడూ మిసెస్ లూమిసే, ఈమె ఎప్పుడూ మిస్ గ్రాసోనే.

ఇంత గట్టిగా చెప్పే మనిషి, ఒకసారి తన చేత్తోనే పిన్ను తీసింది.

అది 1967 ఏప్రిల్. ఉక్కుగది తాళాలు చేతికొచ్చి రెండేళ్ళయింది. పెద్ద మిస్టర్ పెల్ బతికే ఉన్నాడు. ఆగస్టా లెనర్ట్ అనే విధవరాలు ఫోనులో ఉంది, తన వీలునామాలో ఏముందో మళ్ళీ చదివి వినిపించమంటోంది, ఐదు నిమిషాల్లో నకలు నా బల్ల మీద ఉండాలని ఆయన కేకేశాడు. అద్దం ఉన్న కొత్త జిరాక్సు మిషను వచ్చి నెల కాలేదు. మూడు పేజీల మందపాటి కాగితం మడిచి పెడితే మిషను మూత పడలేదు. నకలు సగం నల్లగా వచ్చింది. నడవాలోంచి మిస్టర్ పెల్ గొంతు వినబడుతోంది. ఫిలొమినా గోటితో పిన్ను లేపింది. మూడు పేజీలూ తీసి, నకళ్ళు ఆయనకు పంపించి, అసలు కాగితాలకు పిన్ను వేసి నాలుగడుగులు వేసిందో లేదో, వెనక నుంచి ఎవరో అమ్మాయి, మీ కాగితం ఒకటి అద్దం మీదే ఉండిపోయిందని పిలిచింది. రెండో పేజీ. వేసిన పిన్ను మళ్ళీ తీసి, రెండో పేజీని మధ్యలో పెట్టి, మళ్ళీ పిన్ను వేసింది.

అంటే ఒకటో పేజీకీ మూడో పేజీకీ మూడేసి జతల రంధ్రాలు. రెండో పేజీకి రెండే జతలు. లెనర్ట్ ఇల్లు ఎవరికి చెందాలో రాసింది ఆ రెండో పేజీలోనే.

చెబుదామనుకుంది. ఆ సాయంత్రం చెబుదామనుకుంది, సోమవారం చెబుదామనుకుంది. ఆ వారంలోనే పాత హెడ్ గుమాస్తా నలుగురిలో ఆమెను చూపించి, ఈ పిల్ల చేతికి తాళాలిచ్చాక నాకు నిద్ర పడుతోందని మెచ్చుకున్నాడు. ఆ మెప్పుతో నోరు పడిపోయింది. ఆ ఏటి సెప్టెంబరు నుంచే జూనియర్లకు పిన్ను పాఠం మొదలుపెట్టింది. ప్రతి ఏడూ కొంచెం గట్టిగా, కొంచెం కోపంగా చెబుతూ వచ్చింది. ఆ కోపం ఎవరి మీదో విన్నవాళ్ళకు తెలియదు.

ఆగస్టా లెనర్ట్ తొంభై ఒకటో ఏట, 1994 ఫిబ్రవరిలో పోయింది. పిల్లలు లేరు. చెల్సీలో నాలుగంతస్తుల సన్నటి ఇటుక ఇల్లు ఉంది. దాన్ని యూనిస్ గ్రీవ్స్‌కు రాసింది. బార్బడోస్ నుంచి వచ్చిన యూనిస్, మిస్టర్ లెనర్ట్ చివరి రోజుల్లో నర్సుగా ఆ ఇంట్లో అడుగుపెట్టింది. ఆయన పోయాక వెళ్ళబోతే, ఈ మెట్లన్నీ నేనొక్కదాన్నే ఎక్కిదిగాలా అని ఆగస్టా కేకలేసిందట. అంతే, ముప్ఫై ఆరేళ్ళు కింది వాటాలో ఉండిపోయింది. ఇద్దరూ రోజూ పోట్లాడుకునేవారు, రోజూ కలిసి టీ తాగేవారు. అంత్యక్రియలయ్యాక యూనిస్ ఒక టోపీ పెట్టుకుని ఆఫీసుకొచ్చింది. చేతిలో కొబ్బరి రొట్టె ఉంది. ఎవరికివ్వాలో తెలియక మొదట కనబడిన ఫిలొమినాకు ఇచ్చింది. డెబ్భై ఏళ్ళ ఆ మనిషి ఏమీ అడగలేదు. ఆగస్టా కిటికీల్లో మొక్కలకు నీళ్ళు పోయొచ్చా, పోస్తే ఎవరైనా ఏమైనా అంటారా అని మాత్రం అడిగింది.

ఉక్కుగదిలోంచి ఆ వీలునామా తీసింది ఫిలొమినానే. ఇరవై ఏడేళ్ళలో ఆ మూల వైపు చూడడం అదే మొదటిసారి. చూసి, కవరులో పెట్టి, కోర్టుకు పంపేసింది. ఆ పూటే హారియట్‌కు చెప్పి ఉండాల్సింది. గుమాస్తా వేలికి తగలకుండా పోతుందేమోనని ఆశపడింది. అలా ఆశపడినందుకు తర్వాత తనను తాను బాగా తిట్టుకుంది గానీ, ఆశపడిన మాట నిజం.

గుమాస్తా వేలికి తగిలింది. ఆగస్టా అన్న కొడుకులిద్దరు కనెటికట్ నుంచి లాయరును పెట్టుకుని దిగారు. పన్నెండేళ్ళుగా అత్తను చూడడానికి రానివాళ్ళకు ఒక్కసారిగా ప్రేమ పుట్టుకొచ్చింది. వీలునామా చెల్లకపోతే ఇల్లు వాళ్ళదే. వాళ్ళ కాగితాల నిపుణుడు రంధ్రాలు లెక్కపెట్టి, రెండో పేజీ మిగతా రెంటితో పాటు పుట్టింది కాదని తేల్చాడు. ఏ రంధ్రం ముందుదో, ఏది వెనకదో కాగితం చెప్పదు. పైగా 1974 వేసవిలో ఆగస్టా ఆ వీలునామాను చదువుకోవడానికని ఇంటికి తీసుకెళ్ళి నెల తర్వాత తిరిగి ఇచ్చినట్టు ఫిలొమినా స్వహస్తాలతో రాసిన రిజిస్టరే చెబుతోంది. ఆ నెల రోజుల్లో ఇంట్లో ఉన్నది ఎవరు? యూనిస్. ఆఫీసులో ఉండాల్సిన కార్బను నకలు, 1979లో ఈ భవనానికి మారినప్పుడు నలభై పెట్టెలతో పాటు ఎక్కడో పోయింది.

అన్నిటికంటే గుచ్చుకున్నది వాళ్ళ లాయరు ఎవరన్నది. నేథన్ పర్ల్‌మటర్. హాలెట్ ఆఫీసులో ఏడేళ్ళు చేసి, భాగస్వామ్యం రాక, ఐదేళ్ళ కిందట పెట్టె పట్టుకుని వెళ్ళిన కుర్రాడు. ఆ రోజు ఫిలొమినా అతన్ని పంపించి వచ్చి పైవాళ్ళతో వారం రోజులు మాట్లాడలేదు. ఇప్పుడతను కోర్టులో వేసిన అభ్యంతరాల పత్రంలో పదకొండో పేరా ఇలా ఉంది: ఆ ఆఫీసు ఉక్కుగదిలో మిస్ గ్రాసో ఉండగా ఏ వీలునామా పిన్నూ ఊడలేదని నేను ఏడేళ్ళు కళ్ళారా చూసి చెబుతున్నాను, ఆ విషయంలో ఆమె మాటను ఈ కోర్టు ముద్రతో సమానంగా ఎంచుతాను, కాబట్టి ఈ రంధ్రాలు బయట పడ్డవే.

హారియట్ లూమిస్ ఆ పేరా రెండుసార్లు చదివి, కళ్ళజోడు తీసి, దీనికేమంటారని అడిగింది. ఫిలొమినా కూడా ఆ పేరా చదివింది. రేపు పొద్దున చెబుతానంది. హారియట్‌కు అప్పుడే ఏదో తట్టి ఉండాలి. సరేనంది.

ఆ సాయంత్రం పడవలో కిటికీ పక్క చోటు దొరికినా నిలబడే వెళ్ళింది. ఇంట్లో చెల్లెలు కాన్నీ ఆకుకూర వేసిన చిక్కుడుగింజల సూపు వడ్డిస్తోంది. బళ్ళో వంటమనిషిగా చేసి విరమించిన కాన్నీది పెద్ద గొంతు, దాచుకోవడం తెలియని నోరు. ఫిలొమినా సూపు చల్లారిపోయేదాకా కలుపుతూ కూర్చుని, చివరికి చెప్పేసింది.

“తీసింది నువ్వా?” అంది కాన్నీ. “ముప్ఫై ఏళ్ళుగా ఆ పిన్ను గోలతో నా చెవులు తినేశావు కదే. నిన్ను చూడడానికొచ్చిన ఆ కసాయి కొట్టు టోనీకి కూడా మొదటి రోజే పిన్ను కథ చెప్పి తరిమేశావు. తీసింది నువ్వేనా?”

పకపకా నవ్వింది. అక్క మొహం చూసి నవ్వు ఆపేసింది. కాసేపయ్యాక, రేపు పొద్దున నువ్వేం చెప్పకపోతే ఏమవుతుందని అడిగింది. ఏమీ కాదు, నా పేరు ఎప్పటిలాగే ఉంటుంది, ఇంకా పెరుగుతుంది కూడా, కోర్టు కాగితాల్లోకే ఎక్కింది కదా అంది ఫిలొమినా.

“నీ పేరు సంగతి కాదే అడిగింది. ఆ ముసలమ్మ ఎక్కడికి పోతుంది?”

ఫిలొమినా ఆ ప్రశ్న తనకు తాను వేసుకోకుండా ఎంత జాగ్రత్తగా రెండు నెలలు గడిపిందో అప్పుడు తెలిసొచ్చి, సిగ్గుతో తల వంచుకుంది.

మర్నాడు పొద్దున కోటు కూడా విప్పకుండా హారియట్ గదిలోకి వెళ్ళి మొత్తం చెప్పింది. మిస్టర్ పెల్ కేక, జిరాక్సు మిషను, అద్దం మీద మిగిలిపోయిన పేజీ, అన్నీ. హారియట్ తిట్టలేదు. మధ్యాహ్నానికల్లా ఒక అఫిడవిట్ రాయించి పంపింది. అందులో ఇలా ఉంది: ఆ రోజుల్లో నకళ్ళు తీసే సందర్భంలో, ఇప్పుడు ఆఫీసులో లేని ఏ గుమాస్తా అయినా పొరపాటున పిన్ను తీసి ఉండే అవకాశం లేకపోలేదు. దాని కింద ఉక్కుగది అధికారిగా ఫిలొమినా సంతకం చేయాలి.

ఆమె ఆ కాగితం పట్టుకుని తిరిగి వచ్చేసరికి హారియట్ తలుపు మూసింది. మిమ్మల్ని కాపాడడానికే అలా రాశానంది. ఉక్కుగది పెద్దే పిన్ను తీసి ఇరవై ఏడేళ్ళు దాచిందని తేలితే, లోపలున్న పన్నెండు వేల వీలునామాలనూ రేపు ప్రతి లాయరూ అనుమానిస్తాడని, నూట పదేళ్ళ ఆఫీసు అని గుర్తుచేసింది.

“ఉండే అవకాశం లేకపోలేదు అంటే నేథన్ నమ్ముతాడా, మిసెస్ లూమిస్?”

“నమ్మకపోవచ్చు.”

“రెండో పేజీకి ఒక జత ఎందుకు తక్కువో ఇందులో లేదు. అది తెలిసిన గుమాస్తా ఇప్పుడు ఆఫీసులో లేదని నేనెలా సంతకం పెట్టను? ఇదిగో, మీ ఎదురుగానే ఉన్నాను కదా.”

తన బల్ల దగ్గరికి వెళ్ళి స్వయంగా టైపు చేసుకుంది. ఫిలొమినా గ్రాసో అనే నేను, నా కుడి చేతి బొటనవేలి గోటితో, అని మొదలుపెట్టి ఒకటిన్నర పేజీ. అలవాటుగా చివర పిన్ను వేసి, ఆ పిన్ను వైపు ఒక క్షణం అసహ్యంగా చూసింది.

మే నెలలో విచారణ జరిగింది. వీలునామాల కోర్టు మెట్లు చలువరాతివి, పైకప్పులో రంగురాళ్ళ బొమ్మలు. ఫిలొమినా ఆ మెట్లు వేలసార్లు ఎక్కింది గానీ సాక్షి బోనులో ఎప్పుడూ నిలబడలేదు. నీలం గౌను వేసుకుంది. కాన్నీ వెనక వరుసలో కూర్చుని పక్కవాళ్ళకు అక్కను చూపిస్తోంది. హారియట్ అడగవలసినవి పొడిగా, క్లుప్తంగా అడిగి కూర్చుంది. ఆఫీసు పై అంతస్తుల నుంచి వచ్చిన ఇద్దరు భాగస్వాములు మొహాలు గంటు పెట్టుకుని వింటున్నారు. తర్వాత నేథన్ లేచాడు. అప్పటికే జుట్టు పలచబడింది. ఇదివరకటిలాగే టై వంకరగా ఉంది. ఫిలొమినాకు అంతటి భయంలోనూ ఆ టై సరిచేయాలనిపించింది.

“మిస్ గ్రాసో, నేను చేరిన మొదటి వారంలో నాకేం చెప్పారో గుర్తుందా?”

“ఉంది. అందరికీ అదే చెప్పాను.”

“ఎప్పుడూ తీయకూడదన్నారు.”

“అన్నాను.”

“మీరు మాత్రం తీశారు.”

“తీశాను కాబట్టే అన్నాను, నేథన్.”

జడ్జి దగ్గాడు. న్యాయవాదిని పేరు పెట్టి పిలవకూడదని గుర్తుచేశాడు. ఆమె వెంటనే, క్షమించండి, మిస్టర్ పర్ల్‌మటర్ అంది. వెనక ఎవరో నవ్వారు. నేథన్ నవ్వలేదు. ఇన్నేళ్ళూ ఎందుకు చెప్పలేదని అడిగాడు. గొంతులో లాయరు పోయి, నడవాలో నిలబడిన పాత జూనియరు వచ్చాడు.

“ఎవరూ అడగలేదు. నన్ను అడగాలన్న అనుమానమే ఎవరికీ రాలేదు. అందరూ అంతగా నమ్ముతుంటే చెప్పడం ఏటేటా ఇంకా కష్టమైపోయింది. మీ పదకొండో పేరా చదివాక మరీ కష్టమైంది.”

నేథన్ చేతిలోని పసుపు కాగితాల మీద తర్వాతి ప్రశ్న రాసే ఉంది. మీ ఆఫీసును గెలిపించడానికి ఇవాళ అబద్ధం చెబుతున్నారు కదా అని. కనెటికట్ అన్నదమ్ముల్లో పెద్దవాడు, అడగమని వెనక నుంచి కోటు అంచు లాగుతున్నాడు. నేథన్ ఆ కాగితం వైపు చూశాడు, ఆమె వైపు చూశాడు. కాగితాన్ని బల్ల మీద బోర్లించాడు. జడ్జి తన ముందున్న ఫైలు తిరగేసి, పదకొండో పేరా పైకి చదివి, ఇప్పటికీ ఇదే మీ మాటా అని అడిగాడు.

“అవును, యువరానర్.”

“ఆమె మాట ఈ కోర్టు ముద్రతో సమానమని మీరే అంటున్నారు. ఆమె చెబుతున్నది విన్నారు. ఇంకేమైనా అడగాలా?”

“లేదు, యువరానర్” అని నేథన్ కూర్చున్నాడు.

నడవాలో యూనిస్ గ్రీవ్స్ ఆమె కోసం కాచుకుని ఉంది. అదే టోపీ. కృతజ్ఞతలు చెబుతుందేమో, ఎలా తప్పించుకోవాలా అని ఫిలొమినా చూస్తోంది. యూనిస్ ఆమె రెండు చేతులూ పట్టుకుని మొహంలోకి చూసి, ఇల్లు నాకు దక్కుతుందో లేదో దేవుడికెరుక, నువ్వు మాత్రం పొద్దున్నుంచీ ఏమీ తిన్నట్టు లేవు తల్లీ అంది. ఇరవై ఏడేళ్ళు ఇది ఒక్కదానివే మోశావా అని అడిగింది. ఫిలొమినాకు కళ్ళనీళ్ళు ఆగలేదు. కాన్నీ వచ్చి ఇద్దరినీ ఎదురుగా ఉన్న హోటలుకు లాక్కెళ్ళింది.

రెండు వారాలకు తీర్పు వచ్చింది. వీలునామా మూడు పేజీలూ అసలైనవే. ఇల్లు యూనిస్‌ది.

ఆఫీసు మాత్రం తన మర్యాదను తాను చూసుకుంది. భాగస్వాముల కమిటీ ఒక పూట కూర్చుని, మిస్ గ్రాసో సేవలను ఎంతో కొనియాడి, ఉక్కుగది తాళాలు వేరొకరికి అప్పగించమంది. నడవా చివర, కాగితాల గది పక్కన ఒక చిన్న గది ఇచ్చి, పాత ఉత్తరాలకు పట్టిక రాయమన్నారు. ఇరవై తొమ్మిదేళ్ళ తాళాలు బల్ల మీద పెట్టి వచ్చిన రోజు ఫిలొమినాకు చెయ్యి ఖాళీగా, నడుము పక్కన తేలిగ్గా అనిపించి, దారిలో రెండుసార్లు ఏదో మరిచిపోయానని వెనక్కి తిరిగింది. బాధపడింది. కోపం మాత్రం రాలేదు. వాళ్ళ స్థానంలో తానున్నా తాళాలు తీసుకునేదే.

కొత్త గదిలో మూడో రోజు, పన్నుల విభాగం నుంచి తల నెరిసిన లాయరొకాయన వచ్చి, అటూ ఇటూ చూసి తలుపు చేరవేశాడు. కూర్చుని, మిస్ గ్రాసో, నాదొకటి ఉంది అన్నాడు. 1981లో సంతకాలైన దస్తావేజుల సంచి టాక్సీలో మరిచిపోయి, మూడు రోజులు టాక్సీ షెడ్లన్నీ తిరిగి వెతుక్కున్నాడట. ఈ లోపల అడిగినవాళ్ళందరికీ బీరువాలో భద్రంగా ఉందని చెప్పాడట. దొరికింది. అయినా ఇప్పటికీ టాక్సీ ఎక్కితే అరచేతులు చెమటలు పడతాయన్నాడు. చెప్పి, ఊపిరి పీల్చుకుని వెళ్ళిపోయాడు.

ఆ వారంలో టపా గది నుంచి ఒకతను వచ్చాడు. ఒక నోటీసు మర్నాడు అందించి, ముందు రోజు తేదీ ముద్ర కొట్టాడట. పన్నెండేళ్ళయింది. తర్వాత ఒక టైపిస్టు, ఆ తర్వాత ఒక జూనియరు, వాడు చేరి ఎనిమిది నెలలే అయినా అప్పుడే ఒకటి సంపాదించాడు. ఆఫీసు నూరేళ్ళ పండక్కి తోలు అట్ట వేసి నాలుగు వందల పేజీల చరిత్ర అచ్చు వేయించారు. అందులో ఒక్క పొరపాటైనా లేదు. ఫిలొమినా దాన్ని రెండుసార్లు చదివింది. అసలు చరిత్ర ఇప్పుడు ఒక్కొక్కరుగా వచ్చి తన ఎదుటి కుర్చీలో కూర్చుంటోంది. వాళ్ళను ఆమె ఓదార్చలేదు. కొందరితో, ఇది ఇప్పటికీ సరిదిద్దొచ్చు, లేచి వెళ్ళి ఇవాళే పైన చెప్పండి, మీరు చెప్పకపోతే రేపు నేనొచ్చి పక్కన నిలబడతాను అనేది. చెప్పి వచ్చేవాళ్ళు. కొందరితో, అందరూ పోయారు, ఇక ఇంటికెళ్ళి పడుకోండి అనేది. కొంతమంది నిజంగానే చాలా ఏళ్ళ తర్వాత ఆ పూట నిద్రపోయారు.

అక్టోబరులో ఒక మధ్యాహ్నం హారియట్ లూమిస్ వచ్చింది. ఆమె ఆ గదిలోకి రావడం అదే మొదలు. తలుపు మూసి, నిలబడే ఉంది.

“ఆ అఫిడవిట్ మిమ్మల్ని కాపాడడానికి రాశానని చెప్పాను. నాకు నేనూ అదే చెప్పుకున్నాను. నిజం కాదు. దానితో యూనిస్ ఇల్లు పోతుందని నాకు తెలుసు. తెలిసే రాశాను. మీరు సంతకం పెట్టి ఉంటే, పట్టుకెళ్ళి కోర్టులో ఇచ్చేదాన్ని. ఇచ్చి, వచ్చి, భోజనం చేసేదాన్ని.”

ఒకే నడవాలో ఇద్దరూ ముసలివాళ్ళయ్యారు. ఈ మనిషి అంటే తనకెంత ఇష్టమో ఫిలొమినాకు ఆ క్షణంలో తెలిసింది.

“నేనూ పెట్టేదాన్నేమో, హారియట్” అంది. “ఆ సాయంత్రం కాన్నీ ఆ ఒక్క మాట అడక్కపోయుంటే, నువ్వు రాసింది రాసినట్టు సంతకం పెట్టేదాన్ని. కూర్చో.”

హారియట్ కూర్చుంది. బయట ఎవరో తలుపు మీద మెల్లగా తట్టారు. ఫిలొమినా లేచి వెళ్ళి, రేపు రమ్మని చెప్పి పంపించేసి, తలుపు మళ్ళీ మూసింది.